మాణిక్యం మెస్సు గుండిగ

నేను ఒక గుండిగని. ఇత్తడి గుండిగని. అల్యూమినియం డేగిసాలూ స్టీలు గిన్నెలూ చూసి చూసి మీ కళ్ళు వాటికి అలవాటు పడిపోయి ఉంటాయి గనక ముందే చెబుతున్నాను, నన్ను వాటితో కలిపి లెక్కెయ్యకండి. నా మీద వేలి కణుపుతో కొడితే కంగుమని మోగుతాను. వాటి మీద కొడితే టక్కుమంటుంది, అంతే. గొప్పలు పోతున్నానని అనుకుంటే అనుకోండి. పాతిక కిలోల బియ్యం ఒక్క ఎసట్లో అడుగంటకుండా ఉడికించినదాన్ని. ఆ మాత్రం గొప్ప చెప్పుకుంటే తప్పేం లేదు.

నేను పుట్టింది అజ్జరంలో. ఎవరింట్లోవో సొట్టపడిన చెంబులూ, విరిగిన దీపపు సెమ్మెలూ, మోగడం మానేసిన గంటలూ అన్నీ కలిపి కరిగించి, ఆ రేకుతో వీరభద్రాచారి అనే కంచరి నన్ను సాగగొట్టాడు. ఒక్కో సుత్తి దెబ్బకీ నన్నొక తిట్టు తిట్టేవాడు. అలా తిట్లు తింటూ తింటూ నా పొట్ట పెరిగింది. పని అయ్యాక నన్ను బోర్లించి, చుట్టూ తిరిగి చూసి, "దీన్ని నింపేవాడు పుట్టి ఉండాలి గానీ, ఇది ఊరినే నింపుద్ది" అన్నాడు. తిట్టిన నోటితోనే అంత మాట అన్నాడు మహానుభావుడు.

నా మొదటి యజమాని రావులపాలెం రంగనాయకులు. పెళ్ళిళ్ళకి వంటసామాను అద్దెకిచ్చే కొట్టు ఆయనది. ఆయన దగ్గర పదకొండేళ్ళున్నాను. మనుషుల గురించి నాకు తెలిసిన సగం సంగతులు ఆ పెళ్ళిళ్ళలో నేర్చుకున్నవే. మొదటి బంతిలో కూర్చున్నవాళ్ళు నా వైపసలు చూడనే చూడరు. మూడో బంతివాళ్ళు మెడలు సాచి చూస్తారు. ఆఖరి బంతివాళ్ళు లేచి వచ్చి నా లోపలికి తొంగి చూసి వెళ్ళి కూర్చుంటారు. అదే పెళ్ళి, అదే పప్పుచారు, మనిషి కూర్చున్న వరసని బట్టి మర్యాద మారిపోతుంది. తర్వాత్తర్వాత తేలికపాటి డేగిసాలు వచ్చి పడ్డాయి. కళాయి వేయించాల్సిన పని లేదు, మోతబరువు లేదు. రంగనాయకులు నన్ను మూలకి తోసి, నా మీద పాత షామియానా గుడ్డలు పడేశాడు.

ఆ గుడ్డలు తీసి నన్ను మళ్ళీ వెలుగులోకి తెచ్చిన మనిషి మాణిక్యం. ఇది నా కథేనని మొదలుపెట్టాను గానీ, అసలు సంగతి చెప్పొద్దూ, ఇందులో ముప్పాతిక వంతు ఆవిడదే.

మాణిక్యానిది కోనసీమలో మొగలిమెరక. అప్పటికి ముప్పై అయిదేళ్ళుంటాయి. పొడుగ్గా, బక్కగా, నడుస్తుంటే ఎవరో వెనకనించి తరుముతున్నట్టు ఉండేది. భర్త కొబ్బరి దింపు తీసేవాడు, జ్వరం వచ్చి పోయాడు. పిల్లల్లేరు. ఆవిడకున్నదల్లా తండ్రి పసుపుకుంకుమల కింద రాసిచ్చిన నలభై కొబ్బరి చెట్లు, ఏడుకొండలనే తమ్ముడు. తండ్రి తన తోటని సగానికి కోసి, రోడ్డు వైపుది కూతురికీ, వెనకది కొడుక్కీ ఇచ్చాడు. బావ పోయాక ఏడాది పాటు ఆ తమ్ముడు రోజూ పొద్దున్నే వచ్చి అక్క ఇంట్లో నీళ్ళ తొట్టి నింపి గాని తన పనికి వెళ్ళేవాడు కాదట. ఆ మాట మాణిక్యం ఎంతమందికి చెప్పిందో నాకు గుర్తే లేదు, అన్నిసార్లు చెప్పింది.

ఆ ఏడాదే మొగలిమెరక పొలాల్లో రిగ్గు దిగింది. రిగ్గంటే భూమిలోకి మైళ్ళ లోతు బెజ్జం వేసే ఇనప గోపురం. కింద చమురుందో గ్యాసుందో చూడ్డానికొచ్చింది. పెద్ద ఉద్యోగులకి కంపెనీవాళ్ళే క్యాంపులో తిండి పెట్టుకునేవారు. వెల్డర్లూ, డ్రైవర్లూ, గొట్టాలు మోసే కూలీలూ మాత్రం కాలవ వంతెన మీద కూర్చుని బన్నూ అరటిపండూ తినేవారు. అది చూసి మాణిక్యం తన తోట ముందు, రోడ్డు వారన, ఒక తాటాకు పాక వేయించింది. తర్వాత నా కోసం రావులపాలెం వచ్చింది.

"రంగనాయకులుగారండీ, ఇది ఎంతమందికి వండుద్దండీ?"

"రెండొందల మందికమ్మా. నీకెందుకు అంత? నీ పాకలోకి పదిమందొస్తే పండగే."

"వత్తారండి. ఆకలేసినోడు వాసన పట్టుకుని ఎంత దూరవైనా వత్తాడండి," అని ఆవిడ వంగి నా పొట్ట మీద వేలితో కొట్టింది. నేను శక్తికొద్దీ మోగాను.

వచ్చారు. ముందు పదిమంది, నెల తిరిగేసరికి ఎనభై, ఏడాది తిరిగేసరికి రెండు పూటలా కలిపి మూడొందలు. నాలో అన్నం, పక్క పొయ్యి మీద పప్పుచారు, దోసకాయ కూర, ఆదివారం చింతచిగురు వేసిన రొయ్యలు. పంజాబీ మెకానిక్కు ఒకాయన రొట్టెలు కావాలంటే, ఆయన చేతనే పిండి కలిపించుకుని నేర్చుకుంది. మొదటి రోజు రొట్టెలు అప్పడాల్లా వచ్చాయి. ఆయన పప్పుచారులో నానబెట్టుకుని తిని, లేచి దణ్ణం పెట్టాడు పాపం. మూడో వారానికల్లా ఆయన "మా అమ్మ కూడా ఇలా చెయ్యదు" అన్నాడు. నిజమో కాదో నాకు తెలియదు గానీ, మాణిక్యం ఆ పూటంతా పాట పాడుకుంటూ తిరిగింది.

మెస్సులో ఒక పద్ధతి ఉండేది. రిగ్గువాళ్ళు పద్నాలుగు రోజులు పని చేసి, పద్నాలుగు రోజులు సొంత ఊళ్ళకి వెళ్ళేవారు. పనిలో ఉన్నప్పుడు ఒక్కొక్కరి క్యారేజీ నింపి మాణిక్యం రిగ్గు దగ్గరికి రిక్షాలో పంపేది. సెలవుకి వెళ్ళేటప్పుడు ఎవరి క్యారేజీ వాళ్ళు కడిగి నాకెదురుగా ఉన్న బల్ల మీద పెట్టి వెళ్ళేవారు. బల్ల నిండా క్యారేజీలు, మూతల మీద రంగు పెయింటుతో పేర్లు. తెలుగు, హిందీ, బెంగాలీ, తమిళం, ఏ లిపిలో ఉన్నా చదవకుండానే ఏది ఎవరిదో మాణిక్యం చెప్పేది.

ఊరు చూడాలి ఆ రోజుల్లో! ఆలు లేదు చూలు లేదు కొడుకు పేరు సోమలింగం అన్నట్టు, భూమిలో ఏముందో ఇంకా తేలనే లేదు, జీపులు కొన్నవాళ్ళు జీపులు కొన్నారు, మేడలు లేపినవాళ్ళు మేడలు లేపారు. మంగలి కొట్టులోకి గిర్రున తిరిగే కుర్చీ వచ్చింది. టీ కొట్టుకి పెట్రోలియం టీ స్టాలని పేరు పెట్టారు. బురదలో ఆడుకునే దూడని కూడా ఎవరో డ్రిల్లరూ అని పిలిచేవారు. కొబ్బరికాయ ధర తప్ప మరో ధర ఎరగని పెద్దమనుషులు అరబ్బు దేశాల్లో చమురు పీపా ధరెంతో పేపరు చూసి చెప్పుకునేవారు. ఒక్కడూ పీపాని కళ్ళతో చూసినవాడు కాదు.

మొదటి బావిలో కొద్దిగా గ్యాసు పడింది. దాన్ని ఒక గొట్టంలోంచి పైకి వదిలి అంటించారు. ఊరి చివర తాటిచెట్టు ఎత్తున ఎప్పుడూ ఒక మంట మండుతూ ఉండేది. ఇక అదే ఊరికి పంచాంగం. పొద్దున్న లేచి ముఖం కడుక్కుంటూ అందరూ మంట వైపు చూసేవారు. కాస్త ఎత్తుగా ఉంటే ఆ రోజు సిమెంటు బస్తాలు దిగేవి. వంగినట్టుంటే బేరాలు ఆగిపోయేవి. గాలి వీచినా మంట వంగుతుందని ఒక్కరికీ తట్టలేదు. తర్వాత రిగ్గు పక్క పొలంలోకి జరిగి రెండో బావి తవ్వింది, మూడోది తవ్వింది. రెండింట్లోనూ ఏమీ పడలేదు. అయినా ఎవరూ దిగులు పడలేదు. ఒక పొలం కాకపోతే మరో పొలం అనుకున్నారు. నాలుగో బావి మొదలైంది.

అప్పుడే ఏడుకొండలు మెస్సుకి ఒక కాగితం పట్టుకుని వచ్చాడు. అందులో మేడ బొమ్మ ఉంది.

"రోడ్డు వారన నీ తోట, ఎనకాల నా తోట. రెండూ కలిపితే ఇరవై నాలుగ్గదుల లాడ్జీ అవుద్దక్కా. బయటినించొచ్చినోళ్ళు పడుకోడానికి చోట్లేక అవలాపురం పోతన్నారు."

"మరి చెట్లో?"

"చెట్లేటిత్తన్నాయక్కా? కాయ ధర ఓ ఏడు లేత్తది, రెండేళ్ళు పడుకుంటది. నువ్వెన్నాళ్ళని ఈ పొయ్యిల కాడ మాడతావు? దీపం ఉండగానే ఇల్లు సక్కబెట్టుకోవాలి."

మాణిక్యం రెండు రోజులు ఆలోచించింది. మెచ్చుకోదగ్గ మనిషే గానీ ఆవిడ దేవత కాదు. నడుం నొప్పితో లేవలేక గోడ పట్టుకుని నిలబడ్డ పొద్దులు నేను చూశాను. మంట వైపు ఆవిడా అందరిలాగే చూసేది. పైగా అడిగినవాడు తొట్టి నింపిన తమ్ముడు. మూడో రోజు సరేనంది. పెద్దల ఎదుట తాంబూలం పుచ్చుకున్నారు. ఆ ఊళ్ళో కాగితం మీద సంతకం తప్పినా తప్పుతారు గానీ, తాంబూలం తప్పినవాళ్ళ ఇంట ఎవరూ మంచినీళ్ళు తాగరు.

నలభై చెట్లు పోతాయన్న దిగులు ఆవిడకి లేకపోలేదు. సాయంత్రాలు గిన్నెలు తోమేశాక తోటలోకి వెళ్ళి ఒక్కో చెట్టు మీదా చెయ్యి వేసి వచ్చేది. వచ్చి నా మీద చెయ్యి వేసేది. ఆ చేతికి చెట్టు గరుకు ఇంకా ఉన్నట్టే ఉండేది నాకు.

కార్తీకంలో ఒకనాడు నాలుగో బావి దగ్గర మంట లేచింది. లేవడమంటే మామూలుగా కాదు. మూడు తాటిచెట్లు ఒకదాని మీద ఒకటి నిలబెట్టినంత ఎత్తు. ఆ హోరుకి నా అంచులు సన్నగా మోగుతూనే ఉన్నాయి. ఊరు ఊరంతా వెళ్ళి ఇనప కంచె ముందు నిలబడింది. కొబ్బరికాయలు కొట్టారు, పసుపూ కుంకుమా చల్లారు. జ్వాలమ్మ తల్లి అని ఒకావిడకి పూనకం కూడా వచ్చింది. దశ తిరిగిందన్నారు. ఆ వారంలోనే నలుగురు పునాదులు తీశారు. ఏడుకొండలు చెట్లు కొట్టేవాళ్ళకి గురువారానికి చెప్పి వచ్చాడు.

మాణిక్యం కూడా సంబరపడింది. బుధవారం పొద్దున్న ఎసరు పెట్టి, వెనక్కి తిరిగి, బల్ల వైపు చూసింది. అలాగే నిలబడిపోయింది. నాలో నీళ్ళు మరిగి పొంగుతున్నా బియ్యం పొయ్యలేదు.

బల్ల మీద ఖాళీలున్నాయి. ఒకటి కాదు, రెండు కాదు. ఆ వారం సెలవుకి వెళ్ళిన పదకొండు మందీ క్యారేజీలు వదిలి వెళ్ళలేదు. కడుక్కుని, పాత పేపరు చుట్టి, సంచుల్లో పెట్టుకుని వెళ్ళిపోయారు. పంజాబీ మెకానిక్కుది కూడా లేదు.

"మళ్ళీ వొచ్చేవోడు క్యారేజీ మోసుకెల్లడు," అంది. పక్కన ఎవరూ లేరు. నాతోనే అంది.

మధ్యాహ్నం సైకియా గారు భోజనానికి వచ్చారు. ఆయన రిగ్గు మీద బెజ్జం వేయించే డ్రిల్లరు, అస్సాం మనిషి. ముప్పై ఏళ్ళుగా రిగ్గుల వెంట తిరిగినవాడు. క్యాంపులో తిండి ఊరికే పెడుతున్నా కాదని మాణిక్యం పప్పుచారు కోసం నడుచుకుంటూ వచ్చేవాడు. తెలుగు ఆ విస్తరి ముందు కూర్చునే నేర్చుకున్నాడు. మాణిక్యం ఆయనకి రెండోసారి అన్నం వడ్డించి, గరిటె చేతిలో పట్టుకునే అడిగింది.

"బాబూ, అబద్దం సెప్పొద్దు. అంత మంట లేసిందంటే మంచికా, సెడ్డకా?"

ఆయన కలుపుతున్న చెయ్యి ఆపాడు. "గ్యాసు చాలా ఉంది అమ్మా. మంచి బావి."

"మరి మీవోళ్ళు క్యారేజీలు ఎందుకట్టుకెల్లిపోయారు?"

ఆయన మంచినీళ్ళు తాగి గ్లాసు కింద పెట్టాడు. తర్వాత మెల్లిగా చెప్పాడు. "బావి పని అయిపోతే ఒకసారి మొత్తం తెరిచి కాలుస్తారు. ఎంత ఉందో కొలుస్తారు. కొలిచి మూత పెడతారు. పెద్ద మంట అంటే పని అయిపోయింది అమ్మా. ముందైతే పక్క పొలం పోతాం. ఇప్పుడు పీపా ధర పడిపోయింది. ఇప్పుడు పక్క పొలం లేదు. మమ్మల్ని పంపేస్తారు. గ్యాసు ఇక్కడే కింద ఉంటుంది. ఎప్పుడు తీస్తారో నాకు తెలియదు."

"ఊరందరూ మేడలు కడతన్నారు బాబూ."

"మా ఊళ్ళో మా నాన్న కట్టాడు. పెద్ద మంట చూసి వరి పొలంలో ఇరవై గదులు. ఇప్పుడు అందులో మా మేకలు పడుకుంటాయి." ఆయన నవ్వబోయాడు గానీ నవ్వు రాలేదు. "చెప్పకూడదు అమ్మా నేను. నీ అన్నం తిన్నాను, అందుకే చెప్పాను."

మాణిక్యం ఆ సాయంత్రమే ఊళ్ళో చెప్పింది. గడప గడపకీ తిరిగి చెప్పింది. ఎవరైనా విన్నారా? లాడ్జీలూ హోటళ్ళూ వస్తే తన మెస్సు పడిపోతుందని భయం, అందుకే అపశకునం కూతలు కూస్తోందన్నారు. పెట్రోలియం టీ స్టాలు దగ్గర ఒక పెద్దమనిషి, "ఆడదానికి గరిటె తిప్పడం తెలిసినంత మాత్రాన గ్యాసు తెలుసుద్దా" అని నవ్వాడట. గ్యాసు గురించి ఆయనకి మాత్రం ఏం తెలుసు? మంట చూసి దణ్ణం పెట్టడమే కదా!

గురువారం పొద్దున్నే గొడ్డళ్ళు పట్టుకుని ఆరుగురు మనుషులొచ్చారు. ముందు ఏడుకొండలు, కొత్త చొక్కా తొడుక్కుని. మాణిక్యం పాక ముందుకి వచ్చి నిలబడింది.

"కొండలూ, నా చెట్లు కొట్టొద్దురా."

"అదేటక్కా! తాంబూలం పుచ్చుకుని?"

"పుచ్చుకున్నాను. తప్పు నాదే. ఆల్లు ఎల్లిపోతన్నార్రా. సైకియా గారు సెప్పేరు. నీ చెట్లు కూడా కొట్టకు."

"అంత మంట కళ్ళెదుర కనపడతంటే, ఎవడో దేశం కాని దేశపోడు సెప్పేడని ఇంటావా? నీ తమ్ముడు సెప్పింది ఇనవా?"

"ఒరేయ్, నీకు దణ్ణం పెడతాను. ఒక్క నెల ఆగు."

"నాన్నుంటే ఏవనేవోడే? ఆడిన మాట తప్పుతావా?"

"తిట్టేవోడు. తిట్టనీ. తిట్టించుకుంటాను గానీ చెట్టు మీద గొడ్డలి పడనివ్వను."

ఏడుకొండలు ముఖం నల్లబడింది. ఊరి పెద్దల ఎదుట పరువు పోయింది. అందులోనూ సొంత అక్క తీసింది. "ఈవేళ్టినించీ నాకు అక్క లేదు" అని, మనుషుల్ని వెంటబెట్టుకుని వెనక తోటలోకి వెళ్ళిపోయాడు.

ముప్పై ఎనిమిది చెట్లు. ఆ రోజు మెస్సు మూయలేదు మాణిక్యం. అన్నం వడ్డిస్తూనే ఉంది. ఒక్కో చెట్టు పడినప్పుడల్లా నేల అదిరేది, ఆ అదురుకి నా పొట్టలోంచి సన్నగా ఒక మోత లేచేది. మొదటి రెండు మోతలకి తినేవాళ్ళు తలలెత్తి చూశారు. తర్వాత చూడలేదు. మాణిక్యం మాత్రం ప్రతిసారీ వచ్చి నా అంచు మీద అరచెయ్యి వేసి మోత ఆపేది. కన్నీళ్ళు తుడుచుకోలేదు. చేతులు ఖాళీగా లేవు. నన్ను కొట్టి మోగించినవాళ్ళని చాలామందిని చూశాను, నన్ను మోగవద్దని పట్టుకున్న మనిషి ఆవిడొక్కతే.

మూడు వారాలకి మంట ఆరిపోయింది. మరో పది రోజులకి ఇనప గోపురం నేలకి వాలింది. లారీల వరస కాలవ వంతెన దాటడానికి రెండు రోజులు పట్టింది. బావి మూతి మీద ఒక ఇనప కుళాయిల గుత్తి బిగించి, చుట్టూ కంచె వేసి, బోర్డు పెట్టి వెళ్ళిపోయారు. ఆ కుళాయిల గుత్తిని రిగ్గువాళ్ళు చెట్టు అంటారట. అంత తోటలు కొట్టించి ఊరికి ఒక ఇనప చెట్టు ఇచ్చారన్నమాట! సైకియా గారు వెళ్ళే రోజున వచ్చి, తన క్యారేజీ బల్ల మీద అలాగే వదిలేసి, "ఇది ఇక్కడ ఉంచు అమ్మా" అని వెళ్ళాడు. మళ్ళీ వస్తాడని కాదు, ఆవిడ ముందు దాన్ని తీసుకెళ్ళడానికి ఆయనకి చేతులు రాలేదు, అంతే.

ఊరు ఎంత తొందరగా లేచిందో అంత తొందరగా కూలబడింది. తిరిగే కుర్చీ తుప్పుపట్టి ఒక పక్కకే తిరిగేది. జీపుల మీద కోళ్ళు పొదిగాయి. ఇంటింటికీ గదులు అద్దెకివ్వబడును అన్న బోర్డులే గాని అద్దెకొచ్చే మనిషి లేడు. నవ్వినవాళ్ళెవరూ మాణిక్యం ఎదటపడేవారు కాదు. ఎదటపడ్డా ఆవిడ ఆ మాట ఎత్తేది కాదు. ఇక్కడే నేనావిడకి దణ్ణం పెడతాను, చేతులుంటే. "నే చెప్పలేదా" అన్న మాట అనకుండా నాలుగేళ్ళు గడపడం ఎంత కష్టమో మీకు తెలుసు. ఒక్కసారి, ఒక్కరితో కూడా అనలేదు.

మెస్సుకి మనుషులు తగ్గి తగ్గి, ఒకనాడు ఒక్కరూ రాలేదు. ఆ మర్నాడు మాణిక్యం నాకు కొత్తగా కళాయి వేయించింది. తన చెట్ల కాయలు కోరించి, బెల్లం పాకం పట్టి, నాలో కొబ్బరి లౌజు చేయడం మొదలుపెట్టింది. మొదట ఒక పళ్ళెం. బస్సుల దగ్గర అమ్మింది. తర్వాత అమలాపురం మిఠాయి కొట్లవాళ్ళు అడిగారు. రెండో ఏడాదికి తన నలభై చెట్ల కాయ చాలక బయట కొనేది. అన్నం ఉడికించిన నా పొట్టలో పాకం తిప్పడమంటే మొదట్లో నాకు నామోషీగా ఉండేది. తర్వాత ఆ వాసన నాకే బాగుండేది.

ఏడుకొండలు మాత్రం ఆ పాక గుమ్మం తొక్కలేదు. రోడ్డు వారన చోటు దొరక్కపోయినా, వెనక తోటలోనే పంతం కొద్దీ పన్నెండు గదులు లేపాడు. శ్లాబు పడింది, పూత పడలేదు. పైన ఇనప చువ్వలు అలాగే ఆకాశంలోకి నిలబడి ఉన్నాయి. వాళ్ళు మళ్ళీ వస్తారని రోజూ గదులన్నీ ఊడ్చేవాడట. వడ్లు పోసుకుంటామని ఎవరో అడిగితే కొట్టబోయాడట. గోడకి ఒక మేకు కొట్టనిచ్చేవాడు కాదు. పొద్దున్న గదులు ఊడ్చి, కొబ్బరి వర్తకుడి దొడ్లో కాయలు ఒలిచే కూలికి వెళ్ళేవాడు. ముప్పై ఎనిమిది చెట్ల ఆసామి పరాయివాళ్ళ కాయలు ఒలుస్తున్నాడని ఊరు చెప్పుకునేది. ఆ మాట చెవిన పడ్డ రోజున మాణిక్యం పాకం మాడ్చేసింది. నాలుగేళ్ళలో అదొక్కసారే.

ఆషాఢంలో ఒక మధ్యాహ్నం ఆవిడ నన్ను బాగా తోమి, రిక్షా పిలిచింది. నాకేం అర్థం కాలేదు. తోట పక్క బాట వెంట తీసుకెళ్ళి, ఏడుకొండలు లాడ్జీ ముందు నన్ను దింపించింది. రిక్షా అతన్ని పొమ్మంది. అతను వెళ్ళేదాకా చూసి, నా పక్కనే చాప పరుచుకుని కూర్చుంది. ఇక నన్ను తిరిగి తీసుకెళ్ళాలన్నా ఆవిడ ఒక్కర్తివల్లా కాదు. తెలివంటే అలా ఉండాలి.

ఏడుకొండలు పని నించి వచ్చాడు. బాగా చిక్కిపోయాడు. చొక్కా నిండా కొబ్బరిపీచు. మమ్మల్నిద్దర్నీ చూసి దూరంగానే ఆగిపోయాడు.

"కొండలూ, నాకో సాయం సెయ్యాలిరా," అంది మాణిక్యం. లేవలేదు. కింద కూర్చునే, తలెత్తి అడిగింది. "నా పాక కారిపోతంది. పాకం మీద వానచుక్క పడితే లౌజంతా పాడైపోద్ది. నీ గదుల్లో ఒక్కటి నాకియ్యి. కాదంటే ఈ వానల్లో నా పని ఆగిపోద్దిరా."

పాక కారడమా! వైశాఖంలోనే కొత్త ఆకు వేయించింది. కప్పు కింద కూర్చుని చూస్తే చీమ దూరే సందు లేదు. నా ఎదుట ఆవిడ ఆడిన మొదటి అబద్ధం అది. అంత అందంగా ఎవరైనా అబద్ధం ఆడగా నేను వినలేదు. చెట్లు నిలబెట్టుకున్నది ఆవిడ, పోగొట్టుకున్నది అతను. అయినా కింద కూర్చుని చెయ్యి చాపింది ఆవిడే.

ఏడుకొండలు చొక్కాకి అంటిన పీచు ఒకటి లాగి పారేశాడు.

"నీ పాక కారట్లేదక్కా."

మాణిక్యం చాప అంచు సర్దింది.

"మొన్న వైశాఖంలో ఆకు మార్పించావు. పనికెల్తా రోజూ సూత్తానే ఉన్నాను."

"సూసినోడివి లోపలికొచ్చి ఓ ముద్ద తినొచ్చు కదరా," అంది.

అతను అరచేతులు లుంగీకి తుడుచుకుని వచ్చి, వంగి, నా ఒక చెవి పట్టుకున్నాడు. "అటు పట్టుకో," అన్నాడు. ఆవిడ లేచి రెండో చెవి పట్టుకుంది. ఒక చేతికి పీచు కోసిన గీతలు, మరో చేతికి పాకం కాలిన మచ్చలు. ఇద్దరూ ఊపిరి బిగబట్టి నన్ను ఎత్తారు.

అరుగు ఎక్కించారు, గుమ్మం దాకా తెచ్చారు. అక్కడ నా పొట్ట ఇరుక్కుంది. మంచాలు పట్టేటట్టు కట్టిన గుమ్మాలవి, గుండిగలు పట్టేటట్టు కట్టలేదు. పక్కకి వంచి చూశారు, తిప్పి చూశారు, అంగుళం కదల్లేదు. నాకు సిగ్గేసింది. మాణిక్యం ముఖం పాలిపోయింది. "పోనీలేరా, అరుగు మీదే పెట్టుకుంటాను," అంది.

ఏడుకొండలు నన్ను కిందికి దించాడు. లోపలికి వెళ్ళి గునపం తెచ్చాడు. గుమ్మం పక్కన నిలబడి, నాలుగేళ్ళుగా మేకు కొట్టనివ్వని ఆ గోడ మీద చెయ్యి ఒకసారి పెట్టి, తీసి, ఒక్క పోటు పొడిచాడు. ఇటుక పెళ్ళలు రాలి నా మీద పడ్డాయి.

"ఒరేయ్ ఒరేయ్, గోడరా!" అని అరిచింది మాణిక్యం.

"గోడే కదక్కా," అన్నాడు ఏడుకొండలు, రెండో పోటు వేస్తూ.